ఆ అంగి వేసుకున్నది నేను

శివరాత్రికి ముందటి మంగళవారం, పొద్దున పదకొండు గంటలు. మరిపెడ అవతల ఒక మిరపతోటలో కాయ ఏరుతున్నాం. సద్ది తినడానికి ఇంకా గంట ఉందని మా ముఠా పెద్దామె ఫోన్ చూసి అప్పుడే చెప్పింది, అందుకే టైము గుర్తుంది. అదే సమయానికి గట్టు మీద నా చెల్లెలి అల్లుడు కనిపించాడు.

అతను భూపాలపల్లిలో బొగ్గు లారీల దగ్గర కాంట్రాక్టు పని చేస్తాడు. నలుగురితో కలిసి గదిలో ఉంటాడు, నెలకోసారి వస్తాడు. నా చెల్లెలు చనిపోయింది. దాని బిడ్డ, అంటే అతని పెండ్లాం, మా పక్కింట్లో ఉండి నాతోపాటు కూలికి వస్తుంది. వాళ్ల పిల్ల జనగామలో హాస్టల్లో చదువుతుంది. ఆ ఇల్లు నడిచేది బిడ్డ కూలితోనే. పని మాన్పించి భూపాలపల్లి తీసుకుపోతానని అతను ఎన్నోసార్లు అన్నాడు. బిడ్డ అన్నిసార్లూ రానన్నది.

గట్టు మీది నుంచే అరిచాడు. "ఎవనికి చూపెట్టుకుంటున్నవే నువ్వు?"

బిడ్డ సాలులోంచి లేచి పోయింది. అతను ఫోన్ దాని ముఖం ముందు పెట్టాడు. నేనూ పోయి చూశాను. మిరపతోటలో ఒక ఆడమనిషి వంగి కాయ ఏరుతోంది. వెనకనుంచి, రోడ్డు మీద నుంచి తీశారు. తలకు తువ్వాల, చీర మీద నీలం అంగి, అంగి వీపున పసుపు గుడ్డ అతుకు. తీసినవాళ్లు కనపడరు, నవ్వులే వినపడతాయి. "ఆంటీని చూడుర" అని ఒకడు. ఇంకొకడు అన్నది నేను రాయను.

అది వాళ్ల గదిలో ఒకని ఫోన్లోకి వచ్చిందట. అందరూ చూశారు, ఇతనూ చూసి నవ్వాడు. ఆ మాట అతనే చెప్పాడు. నవ్వినంక పసుపు అతుకు కనపడింది. అంగి అతనిది. అతుకు వేసింది బిడ్డ.

ఇక్కడ మగవాళ్లకు తెలియని సంగతి ఒకటుంది. మిరపతోటకు పోయే ఆడవాళ్లం ఎండకు, ఘాటుకు చీర మీద మగవాళ్ల పాత అంగీలు వేసుకుంటాం. ఎవరి మొగుని అంగి వాళ్లే వేసుకుంటారని వీళ్లు అనుకుంటారు. అంగీలన్నీ మమ్మల్ని తోలుకొచ్చే ఆటోలో ఒకే సంచిలో ఉంటాయి. ఆ రోజు కూలికి రానివాళ్ల అంగిని వచ్చినవాళ్లు వేసుకుంటారు. ఆ వీడియో తీసిన నాడు ఆ నీలం అంగి నా ఒంటి మీద ఉంది.

అదే చెప్పాను. "గా వీడియోల ఉన్నది నేను, అల్లుడా. ఆ దినం నీ అంగి నేనేసుకున్న."

"అత్తా, నువ్వు పెద్దదానివి. దాన్ని కాపాడాలని గిట్ల చెప్పకు."

"కాపాడుడేంది? ఉన్నది చెప్తున్న."

"నీ అసొంటి ముసల్దాన్ని ఎవడన్న ఆంటీ అంటడా? ఆంటీ అంటే గట్ల కాదు."

"మరెట్ల?"

"నీకు సమజ్ గాదు."

"నీకు మంచిగనే సమజైంది కదా. చెప్పు."

అంగి ఇప్పమని బిడ్డకు చెప్పాను. ఆ మంగళవారం అది బిడ్డ ఒంటి మీదే ఉంది. ఇప్పి ఇచ్చింది. వేసుకున్నాను, తువ్వాల చుట్టుకున్నాను, అతనికి వీపు పెట్టి చెట్టు మీదికి వంగాను. "తియ్యి. తీసి పక్కన పెట్టి చూడు."

తీయలేదు. తిరిగి చూస్తే తల పక్కకు తిప్పుకున్నాడు. పోల్చుకున్నాడు. గదిలో అందరితో కలిసి నవ్వింది అత్త వీపును చూసి అని అతనికి అర్థమైంది. అంతటితో అయిపోయేది.

తండా నుంచి వచ్చే అక్కచెల్లెళ్లలో పెద్దది ఇంకా గట్టిగా నమ్మించాలనుకుంది. "అన్నా, ముసలామెనే. మేం చూసినం. నీ పెండ్లాం ఆ దినం పనికే రాలే."

అతని ముఖం ఇటు తిరిగింది. "రాలేదా? ఏడికి పోయింది?"

"జనగామ పోయిన," అంది బిడ్డ. "పిల్లకు జరమని హాస్టల్ నుంచి ఫోన్ చేసిండ్రు."

"నాకెందుకు చెప్పలే?"

"చెప్తే పోనిస్తవా?"

చెంప మీద కొట్టాడు. తువ్వాల ఊడి సాలులో పడింది. తోట ఆసామి గట్టు దిగకుండానే, "మీ కొట్లాట ఇంటికాడ పెట్టుకోండ్రి, నా తోటల వద్దు" అన్నాడు. ఆ తర్వాత వీడియో మాట ఎవరూ ఎత్తలేదు. జనగామ, జనగామ. ఎవరితో పోయినవు, ఏ బస్సుకు పోయినవు. నేను అడ్డం పోతే నన్ను పక్కకు జరిపాడు. మధ్యాహ్నం బస్సుకే బిడ్డను భూపాలపల్లి తీసుకుపోయాడు. పోయేముందు బిడ్డ నాతో, "పెద్దమ్మా, నా సాలు సగమే అయింది" అంది. ఆ సగం నేను ఏరాను.

ఆంటీ అని నన్ను మొదట పిలిచింది మహబూబాబాద్ బట్టల దుకాణంలో పిల్లవాడు. "ఆంటీ, గీ చీర చూడు" అన్నాడు. అప్పటికి నాకు అక్షరం రాదు. ఎప్పుడూ ముసలమ్మా, ఏయ్ అనిపించుకున్నదాన్ని, ఆ మాట మర్యాదగా తోచింది. అవసరం లేకున్నా చీర కొన్నాను. అక్షరాలు యాభై దాటినంక నేర్చుకున్నాను, బడిలో పిల్లలు పోయినంక మాకు చెప్పేవాళ్లు. ఇప్పుడు మనవరాలి డిక్షనరీలో ఆ మాట వెతికాను. మేనత్త, పెద్దమ్మ, పినతల్లి, పిల్లలు పెద్దవాళ్లను పిలిచే పిలుపు అని ఉంది. అంతే ఉంది. ఫోన్లో వెతికితే ఏముంటుందని మనవరాలిని అడిగాను. "వద్దవ్వా" అని ఫోన్ బోర్లా పెట్టింది. దానికి పద్నాలుగేళ్లు. దానికీ తెలుసు.

బిడ్డ ఇప్పుడు భూపాలపల్లిలో, అతను వేరుగా కిరాయికి తీసుకున్న ఒక్క గదిలో ఉంటుంది. పని లేదు, ఫోన్ లేదు. మాట్లాడాలంటే అతని ఫోన్‌కే చేయాలి, అతని ఎదుటే మాట్లాడాలి. జనగామ హాస్టల్‌కు నేను పోతున్నాను. అమ్మ ఎందుకు రాదని పిల్ల అడుగుతుంది.

ఊళ్లో మాత్రం ఆ వీడియోలో ఉన్నది బిడ్డేనని ఇంకా అంటున్నారు. అందుకే ఇది రాస్తున్నాను. ఆ అంగి వేసుకున్నది నేను. అనుమానం ఉన్నవాళ్లు ఆ మంగళవారం అక్కడ ఉన్నవాళ్లను అడగొచ్చు. పేర్లు రాయను, రాస్తే వాళ్ల బొమ్మలు కూడా ఫోన్లలో తిరుగుతాయి. గట్టు మీద తోట ఆసామి, అతని భార్య. ఆటో దగ్గర సాయబుల పిలగాడు, మమ్మల్ని తోలుకొచ్చేవాడు. మా ముఠా పెద్దామె. తండా అక్కచెల్లెళ్లు ఇద్దరు. దంతాలపల్లి నుంచి వచ్చిన చెవిటామె, ఆమె కోడలు. నా చెల్లెలి బిడ్డ. దాని మొగుడు. నేను.