తవుడిచ్చి కొన్న పేరు

నా చిన్నప్పుడు నా పేరంటే నాకే అసహ్యం. పెంటమ్మ. మా నర్సింహులపేట వైపు ఊళ్లలో వాడకొక పెంటమ్మ ఉండేది కానీ మా తరగతిలో నేనొక్కదాన్నే, నా ఖర్మ. పిల్లలు ముక్కు మూసుకుని నా పక్కన కూర్చునేవారు. హాజరు పిలుస్తూ సారు కూడా నవ్వేవాడు.

మా అమ్మ విసుర్రాయి తిప్పుతూ ఒక్కోసారి తనలో తాను ‘సరోజా’ అనుకునేది. ఎవరని నేనడగలేదు. పేరు మాత్రం నాకు భలే నచ్చింది. ఇకనుంచి నన్నలాగే పిలవమని పక్కింటి పిల్లకు రేగుపండ్లు లంచమిచ్చాను. మర్నాడు అది మా వాకిట్లో నిలబడి, “సరోజా, బడికి పోదాం రాయే” అని కేకేసింది.

అమ్మ చేతిలో చాట జారిపడింది. మా నాయినమ్మ నా రెక్క పట్టుకుని వాడంతా చూస్తుండగా ఈడ్చుకుపోయి పెంటకుప్ప మీద కూలేసింది. పేడ, బూడిద, ఎంగిలాకులు. నేను ఏడుస్తుంటే పిల్లలు పడీపడీ నవ్వారు. ఇప్పుడు తలుచుకున్నా ఒళ్లు మండుతుంది. ఎదురింటి అవ్వ వచ్చి, ఎవరో పారేసిన పిల్ల దొరికినట్టు నన్నెత్తుకుంది. అమ్మ చాటెడు తవుడు ఆమె కొంగులో పోసి నన్ను కొనుక్కుంది. పుట్టిననాడూ నాకు ఇదే చేశారట. పారేసిన పిల్లను చావు కూడా కోరదని వాళ్ల నమ్మకం.

అప్పుడు చెప్పింది నాయినమ్మ. “నీకంటె ముందు సరోజ పుట్టింది. ముద్దుగ పేరు వెట్టినం, ముద్దుగ సాదినం, మట్టిల వెట్టినం. నువ్వు పెంటల వడ్డవ్, గందుకే బతికినవ్.”

అమ్మ నన్ను దగ్గరకు తీసుకుంటుందేమోనని చూశాను. తీసుకోలేదు. తవుడిచ్చి కొన్న పిల్లను ముద్దు చేయకూడదట. బతికినన్నాళ్లూ చేయలేదు మహాతల్లి. నేను కాళ్లు కడుక్కుని బడికి పోయి, సారు పిలిస్తే గట్టిగా పలికాను.

అమ్మ పోయేరోజు మంచంలో కళ్లు మూసుకుని “సరోజా, రా బిడ్డా” అని పిలిచింది. అంత మెత్తగా పిలవడం ఆమెకు వచ్చని అప్పుడే తెలిసింది. పక్కనే ఉన్నాను. పలకలేదు. ఆ పేరుకు పలకకూడదని ఆమె నేర్పిందే కదా.

ఇప్పటికీ బస్టాండులో ఎవరైనా ఎవరినో సరోజా అని పిలిస్తే నా కాళ్లు ఆగిపోతాయి. తిరిగి మాత్రం చూడను.