పెంటయ్య అన్న పేరు

ప్రకాశరావు అన్న పేరుతో నేను బతికింది రెండేళ్లే. పట్నంలో నాకు నేనే పెట్టుకున్న పేరది.

ఆ రెండో ఏడు, రజాకార్ల గొడవ అణగాక, ఒక మధ్యాహ్నం లింగంపల్లి స్టేషన్‌లో రైలు కోసం కూర్చున్నాను. పక్కన ఒకామె నెలల పసివాణ్ణి ఒళ్లో పెట్టుకొని ఉంది. నా పేరడిగితే ప్రకాశరావు అని చెప్పాను.

"మంచి పేరు సారూ," అందామె. "వీనికి ముందు ముగ్గురు పుట్టి పోయిన్రు. అందుకే వీన్ని పుట్టంగనే చాటల పెట్టి పెంటకుప్ప మీద పండబెట్టినం. మా ఆడబిడ్డ ఎత్తుకొచ్చి ఇచ్చింది. పారేసినోణ్ణి సావు గూడ ముట్టదంట. పెంటయ్య అని పెట్టినం." పసివాడి మీదికి కొంగు లాగి, "సదువుకున్నోళ్లు, మీరు చెప్పున్రి. రేపు బడిల నవ్వుతరా?" అని అడిగింది.

నవ్వుతారు. ఆ నవ్వులు పడలేకే నేను పేరు మార్చుకున్నాను. అలాంటి పేరు పెట్టిందని మా అమ్మ మీద అలిగాను గానీ, నాకు ముందు ఎందరు పోయారో ఒక్కనాడూ అడగలేదు.

"నవ్వుతరమ్మా," అన్నాను. "నా పేరు గూడ పెంటయ్యే."

ఆమె నా మీసాల వంక, పొడుగాటి కాళ్ల వంక చాలాసేపు చూసింది. తర్వాత పిల్లవాణ్ణి తీసి నా ఒళ్లో పెట్టింది.

"నవ్వితే నవ్వనియ్యిన్రి సారూ," అంది. "గింత పెద్దగయిన్రు గద."