తప్పెట కొట్టని వేలం

పరువు అనే మాట వింటే నాకు ఇప్పటికీ ఒళ్లు మండుతుంది. ఆ మాట అడ్డం పెట్టుకునే మా బావి కింది చేనును కాజేయబోయాడు, మా ఆయనకు సొంత మేనమామ అయిన బద్వేలు షావుకారు. యాభైలలో సంగతి. కరువులో మా ఆయన అతని దగ్గర అప్పు చేశాడు, తీర్చలేకపోయాడు. షావుకారు కోర్టులో డిక్రీ తెచ్చుకున్నాడు. అంతవరకు నేను కాదనను.

ఒక పొద్దున చేనికి పోతే, షావుకారు బామ్మర్ది మా బావి మీద తన ఎద్దులు కట్టి మోట తోలుతున్నాడు.

"ఎవుర్నడిగి తోల్తాండావప్పా?" అన్నాను.

"కోర్టు వేలంలో చేను నేను పాడుకున్న్యా గదా! నీ మొగుడు చెప్పలేదా?" అని పళ్లికిలించాడు.

చెప్పలేదు. ఇంటికొచ్చి నిలదీస్తే నేల చూపులు చూస్తూ కక్కాడు. వేలానికి ముందు కోర్టు అమీను వచ్చి, చేని దగ్గర తప్పెట కొట్టించి, ఫలానా రోజు పాట అని ఊరందరికీ వినిపించాలి. మా వైపు ఒకరి చేని గట్టున ఆ తప్పెట మోగిందంటే ఇంటి ముందు పాడె కట్టినంత అవమానం. అందుకని షావుకారు ముందే వచ్చి, "నువ్వు నా చెల్లెలి కొడుకువి. నీ చేన్లో తప్పెట కొట్టిస్తే నా పరువు గూడా పోదా? అమీనుకు నేను చెప్పుకుంటాలే" అన్నాడట. ఈ మహానుభావుడు దండం పెట్టి ఒప్పుకున్నాడు. పైగా అమీనును ఇంటికి పిలిచి కోడిపులుసుతో అన్నం పెట్టించాడు. ఎవరో చుట్టమనుకుని ఆ పులుసు వండింది నేనే, నా ఖర్మ!

తప్పెట మోగలేదు కాబట్టి ఊళ్లో ఎవరికీ తెలియలేదు. పాటకు షావుకారు బామ్మర్ది తప్ప ఒక్కడూ రాలేదు. ఊట బావి ఉన్న చేను కారుచవకగా పోయింది.

నేనే పోయి ఒక లాయరును పట్టుకున్నాను. "అమ్మకం కోర్టు ఇంకా ఖాయం చెయ్యలేదమ్మా. నెల లోపల పిటిషన్ వేస్తే కొట్టేయించొచ్చు. కానీ తప్పెట కొట్టించినానని అమీను రిపోర్టు రాసిపెట్టినాడు. అది అబద్ధమని తేలాల" అన్నాడు లాయరు.

పిటిషన్ మీద సంతకం పెట్టమంటే మా ఆయన మొరాయించాడు. "నా చేన్లో తప్పెట కొట్టలేదని నలుగుర్లో ఏడ్చేదా? శానా నగుబాటు" అన్నాడు. రెండు పూటలు పొయ్యి వెలిగించలేదు. మూడో పూటకు సంతకం పడింది. బోనెక్కడానికి మాత్రం ససేమిరా అన్నాడు.

షావుకారు ఎక్కాడు. పట్టు కండువా, నుదుట ఇంత బొట్టు.

"మేనల్లుణ్ణి నడివీధికి ఈడ్చినారని బద్వేలంతా అనుకుంటాండారే?" అన్నాడు మా లాయరు, మెత్తగా.

షావుకారు ఉడికిపోయాడు. "ఎవురనింది ఆ మాట? పరువు గల కొంప అని, తప్పెట వద్దని అమీనుకు చెప్పిందే నేను!"

జడ్జి అమీను రిపోర్టు తీసి పైకి చదివాడు. చేని గట్టున తప్పెట గట్టిగా కొట్టించడమైనది అని ఉంది. షావుకారు నోటి మాటతోనే ఆ రాత అబద్ధమని తేలిపోయింది. తన మంచితనం తానే చాటుకోకుండా ఉండలేని గొప్ప మనిషి మరి! వేలం రద్దయింది.

మళ్లీ వేలం పెట్టారు. ఈసారి అమీను ఒళ్లు దగ్గర పెట్టుకుని చేనికి వచ్చాడు. తప్పెట మనిషి నన్ను చూసి ఆగాడు. "కొట్టమంటావామ్మా?" అన్నాడు.

"చేతులు నొప్పి పుట్టేదాకా కొట్టప్పా" అన్నాను.

మా ఆయన ఇంట్లో దుప్పటి ముసుగేసుకున్నాడు. పాట రోజున చుట్టుపక్కల ఊళ్ల నుంచి జనం వచ్చి పోటీ పడ్డారు. దిగువ సగం చేను పోయేసరికే అప్పు మొత్తం తీరింది. బావితో సహా ఎగువ సగం మాకు మిగిలింది.

ఆ ఎండాకాలం ఊళ్లో బావులన్నీ ఇంకిపోయినా మా బావి ఊట తగ్గలేదు. చేని గట్టున చెంబు అందిస్తే మా ఆయన ఆ నీళ్లు గటగటా తాగి, మూతి తుడుచుకుని అన్నాడు:

"ఎంతైనా మా మామ మంచోడు. తప్పెట కొట్టించి నా పరువు తీసింది నువ్వే."