మామ ఆర్పాల్సిన కర్పూరం

సోమందేపల్లి దగ్గర ఒక బావి, దాని కింద నీళ్ళు పారే భూమి. వాటిని మా నాయన, మా మామ చెరిసగం దుడ్లు పెట్టి కొన్నారు. మామ అంటే మా అత్త మొగుడు, నాయనకు బావ. హిందూపురంలో బెల్లం మండీ నడిపేవాడు.

ఆ బేరం కుదిరేనాటికి మా అవ్వ పోయి కొన్ని నెలలే. తల్లి పోయిన ఏడాదిలో కొత్త ఆస్తి తన పేరున రాయించుకోకూడదని నాయన పట్టు. "నీ పేరున రాయించు బావా. ఏడాది తిరిగినాక నా సగం నాకు రాసిద్దువు" అన్నాడట. అందుకని క్రయపత్రంలో మామ పేరు ఒక్కటే పడింది. విడిగా ఒప్పందం కాగితమంటూ ఏమీ రాసుకోలేదు. బావ దగ్గర కాగితమేమిటని నాయన అనుకున్నాడు.

ఏడాది తిరిగింది. మామ మొదట "చూద్దాం" అన్నాడు, తర్వాత మూఢమన్నాడు, చివరికి నాయన ఆ భూమిని కోరుకు, అంటే పంటలో పాలు ఇచ్చే కౌలుకు, చేస్తున్నాడే తప్ప అందులో భాగం లేదన్నాడు. నాయన పెనుకొండ కోర్టులో దావా వేశాడు.

నేను అప్పుడు అనంతపురంలో సర్వే, డ్రాయింగు నేర్చుకుంటున్నాను. కొలవనిది ఏదీ నమ్మకూడదని అక్కడ నేర్పారు. సెలవులకు ఇంటికి వస్తే ఆ చదువునంతా మామ మీద ప్రయోగించేవాణ్ణి. దావా నడుస్తున్నా ఉగాదికి ఆయన మండీ నుంచి బెల్లం అచ్చులు మా ఇంటికి వచ్చాయి. ఇది చుట్టరికం కాదు, యజమాని కోరుదారుకు పంపే మామూలని రేపు కోర్టులో చెప్పడానికి పంపాడని నేను వాదించాను. ముట్టొద్దన్నాను. అమ్మ అప్పటికే పాకం పెట్టేసింది. "బెల్లంలో గూడా ప్లీడరే కనపడతాండాడా నీకు? తిను" అంది.

సాక్షులెవరూ దొరకలేదు. అసలు సంగతి తెలిసిన మనిషి అత్త ఒక్కతే. ఆమెను మొగుడికి ఎదురుగా బోను ఎక్కించడానికి నాయన ఒప్పుకోలేదు. అప్పుడు మా ప్లీడరు ప్రమాణం సంగతి ఎత్తాడు. ఆంజనేయస్వామి గుడిలో, పెద్దకొడుకు తలమీద చెయ్యి పెట్టి, "ఈ భూమి నేనొక్కణ్ణే కొన్నా" అని మామ కర్పూరం ఆర్పితే మా దావా పోయినట్టే, ఆర్పకపోతే ఆయన మాట నిలవనట్టే. ఆ రోజుల్లో కోర్టులు దాన్ని ఒప్పుకునేవి. అడగ్గానే మామ "సరే" అన్నాడు. ఆ వేగమే నాకు నచ్చలేదు.

"నాయనా, చేసేస్తేనో?"

"చెయ్యడు."

"చేస్తే?"

"చేస్తే భూమి ఆయప్పది, పాపమూ ఆయప్పదే. నువ్వు నోరు మూసుకో."

ప్రమాణం రోజు గుడికి మేం ముందే చేరాం. కోర్టు కమిషనరుగా పంపిన కుర్ర ప్లీడరు ఒకాయన అరుగు మీద కాగితాలు పెట్టుకుని కూర్చున్నాడు. మామ స్నానం చేసి తడిపంచెతో వచ్చి నిలబడ్డాడు. తర్వాత అత్త వచ్చింది. పక్కన పిల్లాడు లేడు. తలమీద చెయ్యి పెట్టకుండా ఉత్త మాటతో గట్టెక్కడానికి మామ వేసిన ఎత్తని నాకు అనిపించింది. మా ప్లీడరు చెవిలో అదే చెప్పాను. ఇంతలో మామే అరిచాడు.

"యాడ పిల్లోడు?"

"ధర్మవరంలో, మనోళ్ళింట్లో ఇడిసొచ్చినా" అంది అత్త.

"ఎవురు చెప్పినారు నీకు?"

"ఎవురూ చెప్పల్య. వాని తలమీద పెట్టనీను. కావాలంటే నా తలమీద పెట్టుకో."

కమిషనరు నాయన వైపు చూశాడు. "ఏమప్పా, భార్య తలమీద పెడితే మీకు సమ్మతమేనా?"

నాయన అక్క దగ్గరికి రెండడుగులు వేశాడు. తర్వాత, "మా అక్కే గదా. సమ్మతమే" అన్నాడు.

పూజారి కర్పూరం వెలిగించాడు. అత్త నెత్తిన కొంగు తీసి తల వంచి నిలబడింది. మామ చెయ్యి కొంచెం లేచింది. "కానీ అయ్యా" అన్నాడు కమిషనరు. మామ ఆమె పాపిటను చూశాడు, కర్పూరాన్ని చూశాడు. అది దానంతట అదే కాలి ఆరిపోయింది. మామ తువ్వాలు భుజాన వేసుకుని మెట్లు దిగి వెళ్ళాడు. ప్రమాణం జరగలేదని కమిషనరు రాసుకున్నాడు.

బస్సులో నాయనతో అన్నాను: "మామది దొంగ ప్రమాణమని అత్తకు తెలుసు. అందుకే పిల్లోణ్ణి దాచింది."

"ఏ తల్లి పెట్టనిస్తాదిరా? ప్రమాణం నిజమైనా పెట్టనీదు."

మరి పిల్లాడి కోసం చేసిందా, తమ్ముడి కోసం చేసిందా? అత్తను అడిగే ధైర్యం నాకు లేకపోయింది.

తర్వాతి వాయిదాకు మామ రాజీకి ఒప్పుకున్నాడు. సగం నాయన పేరున రాయడానికి, బావి ఉమ్మడిగా ఉండడానికి. రెండు సగాల మధ్య గట్టు వేసే రోజు సర్వే గొలుసు పట్టి కొలిచింది నేనే. మామ బావి గట్టున నిలబడి చూశాడు.

"ఏమల్లుడా, గొలుసు మీ నాయన పక్కకు వంగుతాండాదే!"

"అయితే ఆ కొస నువ్వే పట్టుకో మామా" అన్నాను.

వచ్చి పట్టుకున్నాడు. కొలత అయ్యాక లింకులు మళ్ళీ ఒక్కొక్కటే లెక్కపెట్టి "సరే" అన్నాడు. ఆయన అటు తిరగగానే నేనూ ఇంకోసారి లెక్కపెట్టాను.