మేడం అరలో మా ఇంటిపేరు

మొన్న తార్నాకలో నేను వంట చేసే ఇంట్లో పాత పుస్తకాలు ఎండకు పెట్టారు. కలరా ఉండలతో కలిసిన కాగితం వాసన వచ్చింది. గ్రేస్ మేడం గుర్తొచ్చారు. నేను చదివింది నాలుగో తరగతి. ఇలా రాయడం ఇదే మొదలు, తప్పులుంటే మన్నించండి.

మేడం యూనివర్సిటీ క్యాంపస్ లైబ్రరీలో పనిచేసి రిటైరయ్యారు. వాళ్లది తెనాలి దగ్గర ఊరు. పెళ్లి చేసుకోలేదు. లాలాపేట్ నుంచి వెళ్లి ఆమెకు వంట చేసేదాన్ని. హాల్లో ఒక అర నిండా పుస్తకాలు. ఒకటి వేరుశనగ సాగు, ఒకటి పంటి జబ్బులు, ఒకటి మోటారు వైండింగ్. ఒకదానికి ఇంకోదానితో సంబంధం లేదు. రాసినవాళ్ల ఇంటిపేరు మాత్రం ఒకటే, మామిళ్లపల్లి. మేడం ఇంటిపేరూ అదే, మాదీ అదే. ఫుట్‌పాత్ మీద అమ్మే పాత పుస్తకాల్లో ఆ పేరు కనిపిస్తే చాలు, కొనేసేవారు.

"పండ్ల డాక్టరు పుస్తకం మీకెందుకు మేడం?" అని ఒకసారి అడిగాను.

"నావన్నీ కట్టుడు పళ్లే యాదమ్మా. మా ఇంటిపేరాయన్ని ఎండలో వదిలేసి రాలేక తెచ్చుకున్నా" అని నవ్వారు.

మా అమ్మాయి రేణుక క్యాంపస్‌లో జిరాక్స్ షాపు అబ్బాయిని చేసుకుంటానంది. వాళ్లది కడప వైపు. ఆ అబ్బాయి ఇంటిపేరు కూడా మామిళ్లపల్లే. మా ఆయన మల్లయ్య ఆటో నడుపుతాడు. విన్న రోజే పిల్ల ఫోన్ లాక్కున్నాడు. మల్కాజ్‌గిరిలో వేరే సంబంధం చూసి, ఆదివారం సాయంత్రం మాట ఇచ్చేస్తానన్నాడు. రేణుక అన్నం మానేసింది. ఒకే ఇంటిపేరు వాళ్లు అన్నాచెల్లెళ్లని మా పెద్దలు చెప్పేవారు. నాకూ ఆయన మాటే నిజమనిపించింది. అయినా మేడంతో చెప్పుకుని ఏడ్చాను.

ఆ ఆదివారం పొద్దున ఆయన మేడంను చర్చి నుంచి తెచ్చి దింపాడు. మేడం లోపలికి పిలిచి కూర్చోబెట్టారు.

"అబ్బాయిలో లోపమేంటి మల్లయ్యా?"

"పిలగాడు మంచోడే మేడం. ఇంటిపేరు ఒక్కటాయె. అన్నచెల్లెలైతరు. నలుగురు నవ్వరా?"

"నాదీ మామిళ్లపల్లేగా. ఆ లెక్కన నేను నీకు అక్కని, యాదమ్మకి ఆడపడుచుని. ఇన్నేళ్లలో ఒక్క చీరన్నా పెట్టావా? అక్కని ఎక్కించుకుని మీటరు వెయ్యకుండా ఎక్కువ గుంజుతావు!"

వంటింట్లో నాకు నవ్వు ఆగలేదు. ఆయన తల దించుకున్నాడు. మేడం అర చూపించారు.

"వేరుశనగాయనది అనంతపురం. పళ్ల డాక్టరుది ఒంగోలు. మామిళ్లపల్లి అనే ఊళ్లు చాలా ఉన్నాయయ్యా. ఏ ఊరు వదిలొస్తే ఆ ఊరి పేరు అంటుకుంటుంది. అబ్బాయి వాళ్ల పాత ఊరేదో, తాత ఎవరో అడిగావా?"

"అడగలె."

"అడుగు. మీదీ వాళ్లదీ ఒకటైతే నేనే వద్దంటాను."

ఆయన మల్కాజ్‌గిరి వెళ్లలేదు. అంబర్‌పేట్‌లో అబ్బాయి గదికి వెళ్లి, వాళ్ల తాతతో ఫోన్‌లో చాలాసేపు మాట్లాడాడు. ఊరు వేరు, ఇలవేల్పు వేరు, ఎక్కడా చుట్టరికం కలవలేదు. చీకటి పడ్డాక వచ్చి రేణుక చేతిలో ఫోన్ పెట్టాడు.

"తిను బిడ్డా. తిన్నంక గా పిలగానికి చెప్పు, తాతను తోల్కొని రమ్మను."

మేడం ఇప్పుడు లేరు. చుట్టాల్లో ఎవరైనా ఇంటిపేరు ఒకటేనని సంబంధం వద్దంటే, నేను ఊరు, తాత, ఇలవేల్పు అన్నీ అడుగుతాను. మొన్న మా మరిది "ఏంది వదినా, పోలీసోళ్ల లెక్క అడుగుతున్నవ్" అన్నాడు. అననీ. మళ్లీ అడిగాను.