ఎస్తేరమ్మ అడిగిన పర్మిట్

కరోనా సద్దుమణిగిన మరుసటి ఏడాది నన్ను డ్రగ్స్ ఇన్‌స్పెక్టరుగా శ్రీకాకుళం బదిలీ చేశారు. నా ఉద్యోగంలో అదే చివరి మజిలీ. మందుల షాపుల లైసెన్సులు చూడడం, అనుమానం వచ్చిన మందుల నమూనాలు ల్యాబుకు పంపడం నా పని.

ఒక సోమవారం నౌపడ ఉప్పు మడుల్లో పనిచేసే ఎస్తేరమ్మ ఆఫీసుకు వచ్చింది. చంకన ఆరేళ్ల కూతురు సువార్త. పాపకు రోజుకు ఇరవైసార్లకు తక్కువ కాకుండా ఫిట్స్. వాటితో వచ్చిన మాటలు కూడా పోయాయి. ఎస్తేరమ్మకు చదువు రాదు. ఫిట్స్ వచ్చినప్పుడల్లా చర్చి క్యాలెండరులో ఆ తేదీ కింద పెన్సిలుతో గీత గీసేది. ఏడు నెలల గీతలు నా బల్ల మీద పరిచింది. ఇక్కడ దొరికే మందులేవీ పనిచేయలేదనీ, గంజాయి మొక్క నుంచి శుద్ధి చేసిన మందొకటి విదేశాల్లో ఉందనీ విశాఖపట్నంలోని పిల్లల నరాల డాక్టరు చీటీ రాసిచ్చారు.

గంజాయి మాట వినగానే అది నా పరిధి కాదన్నాను.

"గంజాయి అడగనేదు బాబూ. కాయితం అడుగుతన్నాను. ఆ కాయితం ఏటో మీరే సెప్పాల," అంది.

ఆమె ముందే నిబంధనల పుస్తకం తీశాను. ఇక్కడ అనుమతి లేని మందును రోగి సొంత వాడకానికి తెప్పించుకోవాలంటే 12ఎ ఫారంలో దరఖాస్తు చేయాలి. ఢిల్లీలోని ఔషధ నియంత్రణ అధికారి 12బి ఫారంలో పర్మిట్ ఇస్తారు. ముప్పై ఏళ్ల సర్వీసులో ఆ ఫారం నేనెప్పుడూ నింపలేదు. ఆ రోజు ఆమె తరఫున నింపి పంపాను.

దరఖాస్తు రెండుసార్లు తిరిగొచ్చింది. మొదట చీటీలో మోతాదు లేదన్నారు. తర్వాత పాత మందుల వివరాలు చాలవన్నారు. రెండుసార్లూ ఆమె పాపనెత్తుకుని రైల్లో విశాఖ వెళ్లి రాయించుకొచ్చింది. ఈలోగా ఫిట్ ఆగక పాపను ఆసుపత్రిలో చేర్చాల్సి వచ్చింది. ఆ వారమే ఎవడో గంజాయి నూనె తెచ్చిస్తానన్నాడట. వద్దందట. ఎందుకని అడిగాను.

"ఎన్ని సుక్కలెయ్యాలో ఆడికీ తెల్దు, నాకూ తెల్దు. పిల్ల మీద పరీచ్చ సేత్తానా బాబూ?"

అయిదో నెలలో పర్మిట్ వచ్చింది. మందు తయారీ సంస్థ ఉచితంగా ఇచ్చేలా డాక్టరు ఒప్పించారు. ఫిట్స్ పూర్తిగా పోలేదు, రోజుకు మూడు నాలుగుకు తగ్గాయి. పాప మళ్లీ "అమ్మా" అని పిలవసాగింది. కొన్నాళ్లకు ఎస్తేరమ్మ టెక్కలి నుంచి మరో తల్లిని వెంటబెట్టుకొచ్చి, "డోసు రాయించే తెచ్చినాం బాబూ," అంది.

చట్టం ఎక్కడ వద్దంటుందో నాకు కంఠతా వచ్చు. ఎక్కడ సరేనంటుందో ఆమె అడిగాకే చదివాను. ఆ రెండోది కూడా నా ఉద్యోగమేనని రిటైరయ్యే ముందు తెలుసుకున్నాను.