ఏ పాట ముఖం ఆ పాటకే

ఎడిటర్ సార్ పోయినారని పొద్దున వాళ్ళ భార్య ఫోన్ చేసి చెప్పింది. గుండెపోటంట. బట్టలు ఇస్త్రీ చేస్తా ఉన్నదాన్ని, పెట్టె ఆపి పక్కన పెట్టినాను.

ఆయనది గోదావరి వైపు. ఇక్కడ కువైట్‌లో ఫింటాస్ అనే చోట ఉండేవారు. ఇక్కడ మనవాళ్ళు పెట్టే పాటకచేరీలను నాలుగైదు కెమెరాలతో తీస్తారు కదా, ఆ ముక్కలన్నీ కూర్చి వీడియో చేసేది ఆయనే. ముందు శబ్దం తీసేసి చూసేవారు. "శబ్దం లేకపోతే అబద్ధం దొరికిపోద్దమ్మా" అనేవారు.

మాకు పరిచయం సిగ్గుతోనే మొదలైంది. ఒక శుక్రవారం కచేరీకి పోయినాను. పాటల మధ్యలో మిమిక్రీ అతను మా కడప యాస మాట్లాడితే, కండ్లలో నీళ్ళొచ్చేదాకా నవ్వి చున్నీతో తుడుచుకున్నాను. తీరా వీడియో చూస్తే, నా ముఖం అమ్మ మీద పాడిన పాటలో ఉంది. ఎవరు చూసినా ఏడుస్తా ఉన్నాననే అనుకోవాల. అందరి ఫోన్లలో తిరిగింది. అంగట్లో ముక్కూముఖం తెలియని ఆడోళ్ళు చేయి పట్టుకొని ఓదార్చినారు. ఊర్లో మాయమ్మ, "ఏం కష్టమొచ్చె బిడ్డా, నాకు చెప్పకపోతివే" అని ఫోన్లో ఏడ్చింది. నేను పనిచేసే అరబ్బు ఇంటి యజమానురాలు, మేము మామా అంటాము, ఏనాడూ నన్నొక మాట అన్నది లేదు. ఆమె నన్ను ఎదురుగా కూర్చోబెట్టి, "మా ఇంట్లో నీకేం తక్కువ చేసినాము?" అని అడిగింది. నవ్వినానంటే నమ్మలేదు. తలెత్తలేకపోయినాను.

సార్ నంబరు కనుక్కొని చెప్పినాను. సాయంత్రానికి ల్యాప్‌టాప్ చంకలో పెట్టుకొని బ్నీద్ అల్ గార్‌లో నేను పనిచేసే ఇంటికి వచ్చేసినారు. ముక్కలు చేయని అసలు వీడియోను మామాకు చూపించినారు. అందులో నేను పగలబడి నవ్వుతా ఉన్నాను. "తప్పు ఈమెది కాదు, నాది" అని అరబ్బీలో చెప్పినారు. మామా చూసి చూసి నవ్వేసింది. ఆయన నవ్వలేదు.

పోయేటప్పుడు గుమ్మం దగ్గర తల వంచుకునే అన్నారు: "పాట బాగుండాలని నీ ముఖం దొంగిలించానమ్మా. ఇన్నేళ్ళలో ఇంకెంతమందికి ఇలా చేశానో."

నాయన వయసు మనిషి నా ముందర అట్లా నిలబడితే నాకే సిగ్గేసింది. ఆ ఇంట్లో ఇప్పటికీ తలెత్తుకొని పనిచేస్తా ఉన్నానంటే ఆయన వల్లే.

వీడియో మళ్ళీ చేసినారు. పాతది మాత్రం ఎవరో ఒకరు ఇంకా పంపుతానే ఉంటారు. అప్పటినుంచి ఆయనది ఒకటే మాట, ఏ పాట ముఖం ఆ పాటకేనని. చప్పట్లు చాల్లేదు, ఇంకో కచేరీవి కలపండని ఎవరన్నా అడిగితే, "అక్కడ కొట్టింది అంతేనండి" అనేవారు. కొందరు పని ఇవ్వడం మానేసినారు. ఆయన మారలేదు.

పలకరించను పోతే, ఆయన గదిలో కంప్యూటర్ ఇంకా ఆన్‌లోనే ఉంది. తెర మీద ఒక ముసలి గాయకుడు చేయెత్తి, నోరు తెరిచి, పాట మధ్యలో ఆగిపోయి ఉన్నాడు.

"దీన్ని ఎలా ఆపాలో నాకు తెలీదమ్మా" అనింది ఆయన భార్య.

నాకూ తెలీదు. ఇద్దరం దాని ముందర కూర్చున్నాము. తెర నల్లబడినప్పుడల్లా ఆమె మౌస్ కొంచెం కదిలిస్తా ఉండింది.